సొంత గొంతుతో మూడు నిమిషాలు

మద్రాసు,
12 నవంబరు 1974

చెల్లె కమ్లికి,

నీ అన్న హాతీరాం రాసేది. నేను బతికే ఉన్నాను. ఈ మాట ముందే ఎందుకు రాస్తున్నానంటే, పోయిన వారం కొండ మీంచి పడి చచ్చిపోయాను, అంతకు ముందు నెల హీరో చేతిలో కత్తిపోటుకు చచ్చిపోయాను. మన చండ్రుగొండ తండాలో ఎవరైనా ఆ సినిమాలు చూసొచ్చి నీకు చెబితే కంగారు పడకు. ఇప్పటికి పదకొండు సినిమాలు చేశాను. తొమ్మిదింట్లో చచ్చాను. మిగిలిన రెండింట్లో నేను ఏమయ్యానో చూపించడానికి వాళ్ళకు తీరిక లేకపోయింది.

ఇక్కడొక పద్ధతి ఉంది. చచ్చే సీను అయిపోగానే కెమెరా ఆపరు. శవం లేచి కూర్చుని కెమెరా వైపు చూసి ఒకసారి నవ్వాలి. లేకపోతే కీడట. ఆ నవ్వును తర్వాత కోసి పారేస్తారు. నేను నవ్వినవన్నీ అలా ఎక్కడో చెత్తబుట్టలో ఉన్నాయి.

పేరు కూడా మార్చారు. టైటిల్స్‌లో హరిబాబు అని వేస్తారు. ఏ ఊరని అడిగితే ఖమ్మం అంటాను, తండా అని చెప్పను. ఇక్కడ ఎవరు అమ్మా అన్నా నాకు మన యాడే గుర్తొస్తుంది. పేరు మారిన సంగతి ఆమెకు చెప్పకు. అసలే కొడుకు ఊరొదిలి పోయాడని కోపంగా ఉంది.

నా గొంతు మాత్రం ఇంకా తెరకెక్కలేదు. నా యాసతో గూండా మాట్లాడితే ఎవరూ భయపడరట. ప్రతి సినిమాలో కృష్ణా జిల్లా ఆయన ఒకాయన నా బదులు డబ్బింగ్ చెబుతాడు. మంచివాడు. నేను కనబడితే చాలు, "ఇదిగో, నా ఒళ్ళు వచ్చింది" అని నవ్వుతాడు.

నీ పెళ్ళయి ఏడాదిన్నర అయింది. అత్తారింటికి పోయే రోజు నువ్వు నా మెడ పట్టుకుని ఏడుస్తూ పాడిన ఢావ్లో పాట ఇంకా చెవుల్లో ఉంది. మన ఆడపిల్లలు ఒక్కొక్కరి మెడ పట్టుకుని అలా ఏడవడం పుట్టినప్పటి నుంచీ చూస్తున్నాను. సొంత మెడ మీద పడ్డాక గానీ అదేమిటో తెలియలేదు. "అన్నా, నీ మెడ వదలమంటున్నారు, నా చేతులు నా మాట వినడం లేదు" అన్నావు. అది యాడి నేర్పిందా, నువ్వే కట్టావా?

పినపాక బడిలో పిల్లలు నీ మాట వింటున్నారా? బావ దేవ్లాను అడిగానని చెప్పు.

నీ అన్న
హాతీరాం

పినపాక,
3 డిసెంబరు 1974

మహానటులు హరిబాబు గారికి, చెల్లెలు కమ్లి నమస్కరించి రాయునది.

మన మాటకు అక్షరాలు లేవు కాబట్టి తెలుగులో తిడుతున్నాను. అయ్యా, తమరు పేరు మార్చుకున్నది యాడికి చెప్పవద్దన్నారు. ఆమెకు చదువు రాదు, టైటిల్స్ ఎలాగూ చదవదు. కాబట్టి ఆ గండం గడిచింది.

దసరా సెలవుల్లో మీ బావ, నేను, యాడి కొత్తగూడెం పోయి నీ సినిమా చూశాం. నువ్వు తెర మీదికి రాగానే యాడి లేచి నిలబడింది. వెనకవాళ్ళు కూర్చోమని అరిస్తే, "నా కొడుకు వచ్చిండు, జర ఆగుండ్రి" అంది. అంతలో నువ్వు నోరు తెరిచావు. యాడి మెల్లగా కూర్చుంది.

"మొఖం వాడిదే. గొంతు వాడిది కాదు. ఎవడో వాని లోపల దూరిండు" అంది.

నువ్వు చచ్చిపోతే ఏడుస్తుందని నేను కొంగు సిద్ధం చేసుకున్నాను. ఆమె ఏడవలేదు. "గా చచ్చినోడెవడో మనకేం ఎరుక" అంది. బస్సులో ఇంటిదాకా అదే మాట. అన్నా, ఒక్కసారి నీ గొంతుతో మాట్లాడు. రెండు మాటలైనా చాలు. యాడి వినాలి.

నువ్వడిగిన పాట యాడి నేర్పిందే. ఆమెకు వాళ్ళ యాడి నేర్పింది. కానీ మాట వినని చేతులు మాత్రం నావి. ఆ పూట నోటికొచ్చాయి. ఊరికే పాడే పాట కాదు కాబట్టి మళ్ళీ పాడలేదు. ఇక కూతురికి నేర్పడానికే పాడాలి. ఆ పని కూడా తొందరలోనే పడేట్టుంది. నాకిప్పుడు నాలుగో నెల.

కమ్లి

మద్రాసు,
20 ఫిబ్రవరి 1976

చెల్లెకు,

పాప ద్వాలికి మేనమామ ముద్దులు. నడుస్తోందా?

ఒక సంగతి చెబుతాను, యాడికి ఈ ఉత్తరం పెద్దగా చదివి వినిపించు. నా గొంతు తెరకెక్కింది! కృష్ణా జిల్లా ఆయన కాదు, నేనే. పూర్తిగా మూడు నిమిషాలు. నవ్వించే సీను. పోలీసులకు దొరక్కుండా ఆడవేషం వేసుకుని ఒక పెళ్ళింట్లో దూరే దొంగను నేను. లంగా, పైట, చేతినిండా గాజులు. హీరో మెడ మీద పడి ఏడవాలి. ఏమని ఏడవాలో రాసుండలేదు. డైరెక్టరు నీ ఇష్టం, ఏదో ఒకటి ఏడువు అన్నాడు.

యూనిట్ అంతా పొట్ట పట్టుకుని నవ్వింది. లైట్లు మోసేవాళ్ళు కూడా. డైరెక్టరు నన్ను కావలించుకున్నాడు. వెంటనే ఇంకో రెండు సినిమాలకు కాల్షీట్లు అడిగారు, గొంతుతో సహా.

ఏం మాటలు చెప్పానని అడగకు. తెర మీద చూడండి.

హాతీరాం

పినపాక,
9 ఆగస్టు 1976

అన్నకు,

చూశాం. హాలు నిండా జనం. అందరూ బాగా నవ్వారు. నీ గొంతు స్పష్టంగా వినబడింది. యాడి గుర్తుపట్టింది.

ఇక్కడ వానలు ఆలస్యమయ్యాయి. ద్వాలికి దగ్గు, ఇప్పుడు తగ్గింది. బడిలో పరీక్షలు.

ఉంటాను.

కమ్లి

మద్రాసు,
30 జనవరి 1985

చెల్లె కమ్లికి,

పోయిన ఏడాదంతా నీ నుంచి ఒకే ఒక్క కార్డు వచ్చింది. అందులో మూడు వాక్యాలు. అందులో ఒకటి వాన గురించి. నువ్వు నాకు వానల లెక్క చెప్పే కంటే బడిలో ఉపాధ్యాయురాలి జీవితం గురించి నాలుగు ముక్కలు రాయొచ్చు కదా.

నేను నూట ముప్ఫై దాటాను. సినిమాల లెక్క చెబుతున్నాను. దొంగ, పూజారి, జైలరు, హీరోయిన్ తాగుబోతు బాబాయి, అన్నీ అయ్యాయి. ఎన్ని చేసినా రోడ్డు మీద నన్ను చూడగానే జనం అడిగేది ఒక్కటే. "ఏడుపు సారూ, ఏడుపు!" కొట్టు ప్రారంభానికి పిలిచినా అదే, ఎవరింట్లో పెళ్ళికి పిలిచినా అదే. ఒకరి మెడ పట్టుకుని ఏడ్చి చూపిస్తే గానీ భోజనం పెట్టరు. క్యాసెట్టు కూడా వేశారు. మీ బస్టాండులో వినే ఉంటావు.

యాడి పోయినప్పుడు వచ్చాను కదా, నాలుగు రోజులున్నాను. నువ్వు నాతో "అన్నం తిను", "నీళ్ళు తోడాను" అనడం తప్ప ఇంకేమీ మాట్లాడలేదు. పనుల్లో ఉన్నావనుకున్నాను. కానీ చెల్లె, నాకు ఏదో అనుమానం. ఆ సీను గురించే అయితే, అది సినిమా. అక్కడ ఏదైనా సినిమాయే. మనసులో పెట్టుకోకు.

ద్వాలి ఎన్నో తరగతి?

హాతీరాం

పినపాక,
21 ఫిబ్రవరి 1993

అన్నకు, కమ్లి రాసేది.

ద్వాలికి సంబంధం కుదిరింది. పెళ్ళికొడుకు దేవ్‌సింగ్, చండ్రుగొండ వైపు తండా వాళ్ళు. బస్సు డిపోలో ఉద్యోగం. మే పదహారున పెళ్ళి, ఇక్కడే మా ఇంట్లో. మేనమామవు కాబట్టి నీకు చెప్పాలి, చెబుతున్నాను. అంతటితో ఉత్తరం ముగించాలనుకున్నాను. చేతకావడం లేదు.

నిన్న ద్వాలిని కూర్చోబెట్టి, పాట నేర్చుకుందువు రా అన్నాను. పద్దెనిమిదేళ్ళలో అది అడగలేదు, నేను నేర్పలేదు. దాని జవాబు విను. "నేను ఏడ్వనమ్మా. ఏడిస్తే అందరు నవ్వుతరు. ఖమ్మం హాస్టల్లో నన్ను ఏడుపు సారు కోడలా అని పిలుస్తరు. మామ ఏడ్చిందే చాలు."

ఇది ఒక్కదాని మాట కాదు. మా తండాలో నాలుగేళ్ళుగా ఏ పెళ్ళిలోనూ పిల్ల నోరు విప్పి ఏడవలేదు. మొదలుపెట్టగానే కుర్రాళ్ళు ఎక్కిలి పెడతారు, నువ్వు పెట్టావే, ప్రతి మాట చివర, ఆ ఎక్కిలి. పిల్ల సిగ్గుతో ముఖం దాచుకుని బస్సెక్కుతుంది.

అన్నా, నువ్వు ఏడ్చింది నా పాట. నా చేతులు నా మాట వినడం లేదన్న మాటతో సహా. నేను నీ మెడ మీద ఒకే ఒక్కసారి పాడినది. నాకు చెప్పనైనా చెప్పలేదు, తెర మీద చూడమన్నావు. చూశాను. మా అత్త, ఆడపడుచులు, ఇరవై మందిమి ఒకే వరుసలో కూర్చున్నాం. నువ్వు మొదలుపెట్టగానే హాలంతా నవ్వింది. మా ఆడపడుచు నా వైపు తిరిగి చూసింది, పెళ్ళిలో ఆమె నా పక్కనే ఉంది. అందుకని నేను కూడా నవ్వాను. అందరికంటే గట్టిగా నవ్వాను. అది నాది కాదన్నట్టు నవ్వాను.

యాడి ఒక్కతే నవ్వలేదు. రెండేళ్ళుగా నీ గొంతు కోసం ఎదురుచూసిన మనిషి. నా చెయ్యి పట్టుకుని, "వాడు ఏడుస్తుండు. ఎందుకు నవ్వుతున్నరు వీళ్ళంత?" అంది. ముసలిదానికి సినిమా తెలియదులే అనుకున్నాను. "ఊకో యాడీ, నవ్వులాట" అని కసిరాను.  ఆ తర్వాత ఆమె ఏ సినిమాకూ రాలేదు.

నీ మీద కోపమని ఇన్నేళ్ళూ అనుకున్నాను. సగం నా నవ్వు మీద కూడా.

కమ్లి

మద్రాసు,
10 మార్చి 1993

కమ్లీ,

నీ ఉత్తరం వచ్చి ఎనిమిది రోజులైంది. మూడుసార్లు జవాబు రాసి చింపేశాను. అన్నింట్లోనూ నన్ను నేను వెనకేసుకొచ్చాను. ఇందులో ఆ పని చేయను.

అవును, నీ పాటే. ఆ రోజు డైరెక్టరు ఏదో ఒకటి ఏడువు అన్నప్పుడు నాకు ఇంకో ఏడుపు తెలియదు. యాడి నా గొంతు వినాలని నువ్వు అంతకు ముందే రాశావు. ఈ అవకాశం పోతే మళ్ళీ ఆ కృష్ణా జిల్లా ఆయనే వస్తాడు. ఆయన చేతిలో నా గొంతు పెట్టి నేను పదిహేను సార్లు చచ్చాను. ఆశ పడ్డాను. ఆ ఆశకు నీ పాట దొరికింది.

ఇంకో సంగతి కూడా చెప్పాలి. మొదటి టేకులో నాకు నవ్వించాలని లేదు. హీరో మెడ పట్టుకోగానే నువ్వు గుర్తొచ్చావు. మొదటి మాట అనగానే ఎక్కిలి వచ్చింది. అది నిజం ఎక్కిలి. యూనిట్ అంతా ఘొల్లున నవ్వింది. "అద్భుతం! ప్రతి మాట చివర అదే పెట్టు" అన్నాడు డైరెక్టరు. అప్పుడు నేను చెప్పి ఉండొచ్చు, సార్, ఇది మా చెల్లెలి ఏడుపు అని. తండా వాణ్ణని చెప్పాలి కదా, అలా చెబితే. చెప్పలేదు. ప్రతి మాట చివరా పెట్టాను. తర్వాత డబ్బింగ్ గదిలో ఎంత ప్రయత్నించినా మొదటి ఎక్కిలి అలా రాలేదు, అందుకే షూటింగులో రికార్డయిన గొంతునే ఉంచేశారు. యాడి విన్నది దాన్నే. నాలుగు వందల మంది కూర్చున్న హాల్లో ఆమెకొక్కదానికే నేను ఏడుస్తున్నానని తెలిసింది. ఆ సంగతి నాకు ఇప్పుడు, ఆమె పోయిన పదకొండేళ్ళకు తెలిసింది.

నీ ఉత్తరం చదివాక తలుపు వేసుకుని ఆ పాటను మామూలుగా, నువ్వు పాడినట్టు పాడాలని చూశాను. రావడం లేదు కమ్లీ. మూడో మాటకే చేతులు వాటంతట అవే గాల్లోకి లేస్తున్నాయి, కనుగుడ్లు గిర్రున తిరుగుతున్నాయి. వేలసార్లు చేశాను కదా. నీ పాట నా దగ్గర లేదు. దాని వేషం ఒక్కటే నా దగ్గరుంది.

తప్పు చేశాను. ఏం చేయమంటే అది చేస్తాను.

నీ అన్న

పినపాక,
2 ఏప్రిల్ 1993

అన్నా,

నువ్వు చేయాల్సింది ఒక్కటే. రావాలి.

నీ ఉత్తరం ద్వాలికి ఇచ్చాను. చదివింది. తర్వాత అంది, "మామ వస్తే ఏడుస్తా. మామ మెడ పట్టుకునే ఏడుస్తా. నవ్వేటోళ్ళు ఎవరో మా ఇద్దరి ముందల్నే నవ్వాలె." అచ్చం యాడి మొండితనం. నేర్పనా అంటే, "నాకొచ్చు" అంది.

అన్నా, నువ్వు తండా వాడివని తెలిసేట్టు అందరి ముందూ నిలబడాలి. నీ మెడ మీద అది ఏడిస్తే ఆ పాట మళ్ళీ మన ఇంటిదవుతుంది. దాని తర్వాత పెళ్ళయ్యే పిల్లలు కూడా నోరు విప్పుతారు. నువ్వు పాడక్కర్లేదు, మగవాళ్ళు పాడేది కాదు. మెడ వంచి నిలబడితే చాలు. ఇన్ని సినిమాలు చేసినవాడివి, ఊరికే నిలబడలేవా?

పదహారు ఆదివారం. రైలు దిగితే కొత్తగూడెం నుంచి మణుగూరు బస్సు. బావ వచ్చి ఎదురుచూస్తానంటే వద్దన్నాను. నువ్వే రావాలి.

కమ్లి

మద్రాసు,
18 మే 1993

కమ్లికి,

టిక్కెట్టు కూడా తీసుకున్నాను. పద్నాలుగో తారీఖు సాయంత్రం కంపెనీ మనిషి వచ్చి, వేసిన సెట్టు పదిహేడున పీకేస్తారు, నువ్వు లేకపోతే కుదరదన్నాడు. ఎంత చెప్పినా వినలేదు. షూటింగులో ఉండిపోయాను. ద్వాలికి నా దీవెనలు చెప్పు. అల్లుడికి కూడా. ఎలా జరిగిందో రాయి.

హాతీరాం

పినపాక,
1 జూన్ 1993

అన్నా,

కొత్తగూడెం స్టేషన్‌లో టీ అమ్మే బొజ్జయ్య మీ బావకు బాగా తెలిసినవాడు. పెళ్ళయిన మూడో రోజు మా ఇంటికి వచ్చాడు. చేతిలో ఒక సంచి, అందులో కొత్త చీర. అతను చెప్పింది చెప్పినట్టు రాస్తున్నాను.

"మీ అన్న ఆయితారం పొద్దుగాల బండి దిగిండమ్మా. నా తాన్నే చాయ్ తాగిండు, పినపాక బస్సు ఎప్పుడని అడిగిండు. గంతట్ల జనం గుర్తుపట్టిన్రు. ఏడుపు సారూ, ఒక్కపారి అన్నరు. ఒద్దని దండం పెట్టిండు. ఇడ్వలే. ఒక పోరడైతే మెడ ఇచ్చి నిలవడ్డడు. మీ అన్న సంచి నా చేతిల పెట్టిండు, చేసిండు. మస్తు నవ్విన్రు అందరు. అయిపోయినంక గా బల్ల మీద కూసున్నడు. బస్సు వచ్చింది, లేవలే. ఇంకో బస్సు వచ్చింది, లేవలే. పదిన్నరకు వచ్చిన బండి మళ్ల పోతదని మైకుల చెప్పిన్రు. లేసి ఎక్కిండు. సంచి అడగలే."

నీ ఉత్తరం ఆ తర్వాతి వారం వచ్చింది. సెట్టు పీకేస్తారని రాశావు.

నిన్ను తిట్టాలని కూర్చున్నాను. తిట్టలేకపోతున్నాను. నలుగురు అడిగితే కాదనలేని మనిషివి, ఆ ముఖంతో పెళ్ళింట్లోకి రాలేకపోయావు. నాకు అర్థమైంది. కొత్తగూడెం నుంచి మా ఇల్లు ఎంతో దూరం కాదు, అంతవరకు వచ్చి పోయావు, అదే మింగుడు పడడం లేదు.

పెళ్ళి సంగతి అడిగావు కాబట్టి రాస్తున్నాను.

తాళి అయింది, భోజనాలయ్యాయి. పంపించే వేళకు ద్వాలి పందిరి గుంజ పక్కన నిలబడి ఎవరి మెడా పట్టుకోనంది. "మామ వస్తడు" అంది. పెళ్ళివారి బస్సును గంటసేపు ఆపాం. డ్రైవరు హారన్ కొడుతున్నాడు. దేవ్‌సింగ్ తండ్రి మంచివాడు, ఇంకో పది నిమిషాలు చూద్దామన్నాడు, మళ్ళీ ఇంకో పది. ద్వాలి తలెత్తి దారి వైపే చూస్తోంది. చివరికి నేనే అన్నాను, మామకు షూటింగ్ పడి ఉంటుంది బిడ్డా అని. ఒక్క కడుపున పుట్టినవాళ్ళం కదా అన్నా, ఇద్దరికీ ఒకే అబద్ధం తోచింది.

అప్పుడు నా మెడ పట్టుకుంది. మొదలుపెట్టింది.

నేను దానికి పాట నేర్పలేదని రాశాను కదా. "నాకొచ్చు" అంటే ఎవరి దగ్గర నేర్చుకున్నావని అడగలేదు. నీ దగ్గరే నేర్చుకుందట. బస్టాండు క్యాసెట్లలో, హాస్టల్ పిల్లల వెక్కిరింపుల్లో ముక్క ముక్కగా విని నేర్చుకుంది. అదే పాట అనుకుంది. నీ ఎక్కిలి కూడా పాటలోదే అనుకుంది. ప్రతి మాట చివరా ఎక్కిలితో సహా ఏడ్చింది. మొదటి ఎక్కిలికి దాన్ని ఇంకా గట్టిగా పట్టుకున్నాను, ఇప్పుడు నవ్వుతారు, ఇప్పుడు నవ్వుతారు అని. పందిట్లో రెండు వందల మంది ఉన్నారు. కుర్రాళ్ళు ముందే నిలబడి ఉన్నారు.

ఎవరూ నవ్వలేదు.

పక్కింటి ముత్తక్క కొంగు నోట్లో కుక్కుకుంది. దేవ్‌సింగ్ చెల్లెలు బాలికి వచ్చే ఏడు పెళ్ళి, ఆ పిల్ల నోరు తెరుచుకుని వింటోంది, పెదవులు కదుపుతోంది. నా చేతులు నా మాట వినడం లేదన్న దగ్గర ద్వాలికి నిజంగానే ఏడుపు వచ్చింది. అది పెట్టిన ఎక్కిలి ఏదో, వచ్చిన ఎక్కిలి ఏదో నాకు తెలియలేదు. పదిహేడేళ్ళ కింద హాల్లో యాడి విన్నది ఏమిటో ఆ పూట నేను విన్నాను. ఆమెను కసిరాను, ఇప్పుడు క్షమించమని అడగడానికి ఆమె లేదు.

ఇక మా తండాలో పిల్లలు ఆ ఎక్కిలితోనే ఏడుస్తారు. అది యాడిది కాదు, నాది కాదు, నీది.

నువ్వు స్టేషన్ దాకా వచ్చావని ద్వాలికి చెప్పలేదు, చెప్పను. చీర మాత్రం పోస్టులో వచ్చిందని ఇచ్చాను.

పాట మళ్ళీ మనదైంది అన్నా. నువ్వు వినలేదు.

కమ్లి